పరంధామరావుని నిబంధనల ప్రకారం చంపుట

రేవుముక్కల పురపాలక సంఘంలో నూట పదకొండు మంది ఉద్యోగులుంటే, 'తొమ్మిదో తలుపు' సీరియల్ చూడని మనిషి ఒక్కతే. ఆమె జనన మరణాల విభాగం సీనియర్ అసిస్టెంటు మట్టపర్తి సత్యవాణి. చూడకూడదన్న పంతమేమీ లేదు. సీరియల్ వచ్చే ఏడున్నరకి ఆమె ఇంట్లో గ్రైండరు తిరుగుతుంది, ఆ మోతలో టీవీ వినబడదు, అంతే. ఇంత చిన్న కారణానికి ఆమె నెత్తిన అంత పెద్ద పని పడుతుందని ఎవరూ అనుకోలేదు.

ఆ సోమవారం అర్జీల రోజు. కమిషనర్ తుమ్మలపెంట గిరిధరప్రసాద్ గారు కుర్చీలో సర్దుకుంటుండగా నలభై మంది ఒకే రంగు చొక్కాలు తొడుక్కుని లోపలికొచ్చారు. ముందు నడుస్తున్నాయన గుడిమెట్ల పురుషోత్తం, కాలేజీలో ఫిజిక్సు చెప్పి రిటైరైన లెక్చరరు. వెనకాల బ్యానరు మీద 'పరంధామరావు సజీవ సత్య సాధన సంఘం' అని రాసి ఉంది.

ఈ పరంధామరావు సీరియల్లో పెద్దమనిషి. కాఫీ తోటల ఆసామి. నూట నలభై మూడో భాగంలో కారుతో సహా వంతెన మీంచి కాలువలో పడి చచ్చిపోయాడు. కాని శవాన్ని చూపించలేదు. ఇంకో వారం గడిచాక కథలోకి ఓ మూగ టైలరు వచ్చాడు. మాట్లాడడు, మెడలో టేపు వేసుకుని పరంధామరావు ఇంటివైపే చూస్తుంటాడు. పరంధామరావు ఎడమ చెవి గోక్కునేవాడు, ఈ టైలరూ గోక్కుంటాడు. ఆయన టీ సాసర్లో పోసుకుని తాగేవాడు, ఈయనా అంతే. ఇంకేం కావాలి? ఆ మూగ టైలరే పరంధామరావని ఊరు తీర్మానించేసింది. కాదన్నవాళ్ళకి పెళ్ళిసంబంధాలు కూడా తప్పిపోతున్నాయని వినికిడి.

"అయ్యా, నూట నలభై నాలుగో భాగం, ఏడో నిమిషం. ఆయన భార్య చేతిలో ఉన్న మరణ ధ్రువపత్రం చూడండి" అంటూ పురుషోత్తం ఓ పెద్ద ఫోటో బల్ల మీద పరిచాడు. "దాని మీద ముద్ర ఎవరిది? మీది. శవమే దొరకని మనిషికి మీ కార్యాలయం ధ్రువపత్రం ఎలా ఇచ్చింది? తక్షణం రద్దు చెయ్యాలి."

కమిషనర్ గారు కళ్ళజోడు తీసి, తుడిచి, పెట్టుకుని చూశారు. ముద్ర మీద 'రేవుముక్కల పురపాలక సంఘం' అని స్పష్టంగా ఉంది. ఒక క్షణం ఆయన ముఖం వెలిగింది. మరుక్షణం వాడింది. సత్యవాణిని పిలిపించారు.

"సార్, అది కథ సార్" అంది సత్యవాణి.

"కథ కావచ్చునమ్మా. ముద్ర మనదా, కాదా?"

"మనలాంటిదే సార్."

"మరి? ముద్ర ఉన్న చోట బాధ్యత ఉంటుంది. అర్జీ నమోదు చెయ్యండి."

నమోదు చేశాక తెలిసింది అసలు చిక్కు. కంప్యూటర్లో అర్జీని ముగించడానికి మూడే దారులున్నాయి: 'పరిష్కరించబడినది', 'తిరస్కరించబడినది', 'విచారణలో ఉన్నది'. 'కథ' అని రాయడానికి చోటు లేదు. సత్యవాణి బాగా ఆలోచించి తిరస్కరించింది. కింద ఇలా రాసింది: "పై సూచికలోని పరంధామరావు అను వ్యక్తి కల్పిత పాత్ర అనియు, సదరు వ్యక్తి మరణము ఈ కార్యాలయ రికార్డులలో ఎన్నడును నమోదు కాలేదనియు తెలియజేయడమైనది."

ఆ మధ్యాహ్నం మెయిన్ రోడ్డు మీద బాణాసంచా పేలింది. సత్యవాణి కిటికీలోంచి తొంగి చూస్తే పురుషోత్తం సంఘం వాళ్ళు బస్సులాపి మరీ లడ్డూలు పంచుతున్నారు. 'మరణం నమోదు కాలేదు! ఒప్పుకున్న పురపాలక సంఘం!' అని అప్పటికే ఫ్లెక్సీ కట్టేశారు. అందులో సత్యవాణి ఫోటో కూడా ఉంది, మొదటి వరసలో.

కమిషనర్ గారు బెదిరిపోయారు. బెదిరిన అధికారి ఏం చేస్తాడో ఆయనా అదే చేశారు, అర్జీని తిరిగి విచారణలో పెట్టించి ఉత్తర్వు జారీ చేశారు. "సదరు వివాదము పరిష్కారమగు వరకు పరంధామరావు నామధేయులగు వ్యక్తుల మరణముల విషయమై యథాతథ స్థితి కొనసాగింపవలెను." కంప్యూటర్ విభాగం వాళ్ళకి ఉత్తర్వు అర్థం కాలేదు గాని, అర్థమైనంత మేరకు అమలు చేసేశారు. అంటే, రేవుముక్కలలో పరంధామరావు అనే పేరున్నవాడు ఎవడూ ఇక చచ్చిపోవడానికి వీల్లేదు.

బుధవారం నాడు సత్యవాణి బల్ల ముందుకి కోలా వీరలక్ష్మి వచ్చింది. మునిసిపల్ మార్కెట్లో పదిహేడో నంబరు కొట్టులో ఆకుకూరలు అమ్ముతుంది. అయిదు రోజుల క్రితం మొగుడు పోయాడు. గుండెపోటు. ఆయన పేరు కోలా పరంధామరావు.

"కొట్టు ఆయన పేరున ఉందమ్మగారూ. నలభై రోజుల్లో సావు కాయితం తెచ్చి నా పేరుకి మార్పించుకోకపోతే వేరేవోళ్ళకి ఇచ్చేత్తామని మార్కెట్టు ఇనస్పెక్టరు గారు సెప్పారండి" అంది వీరలక్ష్మి.

సత్యవాణి పేరు కొట్టింది. తెర మీద ఎర్రక్షరాలు పడ్డాయి. 'ఈ పేరు మీద అభ్యంతరం పెండింగులో ఉన్నది. వ్యక్తి సజీవుడై ఉండవచ్చును.'

ఆ ముక్క చదివి వినిపించడానికి సత్యవాణికి నోరు రాలేదు. చుట్టూ తిప్పి ఎలాగో చెప్పింది.

వీరలక్ష్మి ఆ తెరకే చెబుతున్నట్టు అంది. "నా సేతుల మీదుగా సాగనంపానండి. మా మరిది కొరివి పెట్టాడు."

"నాకు తెలుసు వీరలక్ష్మమ్మా. దీనికి తెలీదు" అంది సత్యవాణి కంప్యూటర్ని చూపిస్తూ.

ఆమె వెళ్ళిపోయాక సత్యవాణి తిన్నగా కమిషనర్ గదిలోకి వెళ్ళింది. "సార్, ఆ అర్జీ ముగించాలంటే ఏం చెయ్యాలి?"

"ఆ టైలరు పరంధామరావు కాదని నిరూపించాలి. విచారణ జరగాలి. విచారణాధికారి నిష్పాక్షికంగా ఉండాలి" అన్నారాయన. తర్వాత గొంతు తగ్గించారు. "నాకు కుదరదమ్మా. నేను రోజూ చూస్తాను. నాకైతే ఆ టైలరు మీద అనుమానమే."

అలా సత్యవాణి విచారణాధికారి అయింది.

కౌన్సిల్ హాల్లో పెద్ద టీవీ బిగించారు. పొద్దున పదిన్నర నుంచి సాయంత్రం అయిదున్నర దాకా ఆమె వరసగా రెండు వందల పన్నెండు భాగాలు చూడాలి. మొదటి రోజు ఒక్కతే కూర్చుంది. రెండో రోజుకి హాలు నిండిపోయింది. వంతెన పటుత్వం పరిశీలించడానికని ఇంజినీరింగ్ విభాగం, కాలువలో కళేబరం పడిందా లేదా చూడటానికని పారిశుద్ధ్య విభాగం వచ్చి కూర్చున్నాయి. పట్టణ ప్రణాళిక విభాగం వాళ్ళు నాలుగో రోజున, మూగ టైలరు కొట్టు మెట్లు మురుగుకాలువ మీదికి రెండడుగులు ముందుకొచ్చాయని కనిపెట్టి ఆయనకి నోటీసు రాశారు. చిరునామా దగ్గర 'తొమ్మిదో తలుపు ఎదురుగా' అని వేశారు. నోటీసు తిరిగొచ్చింది. చిరునామాదారు తప్పించుకు తిరుగుతున్నాడని ఫైల్లో రాసుకున్నారు.

ఈలోగా సంఘం వాళ్ళకి మార్కెట్లో ఓ పరంధామరావు ఉన్నాడని తెలిసింది. దండలు పట్టుకుని పదిహేడో నంబరు కొట్టుకి వెళ్ళారు. "అమ్మా, నీకు శుభవార్త. కంప్యూటరే చెప్పింది, మీ ఆయన బతికే ఉన్నాడట!" అన్నారు.

వీరలక్ష్మి తోటకూర కట్టలు సర్దడం ఆపలేదు. "అలాగాండి. కనపడితే ఓసారి ఇంటికి రమ్మనండి. గేసు బండ మార్సాలి, నాకు సేత కావట్లేదు" అంది.

పదో రోజుకి సత్యవాణి అన్ని భాగాలూ చూసేసింది. ఆమెకి ఒక్కటే అర్థమైంది. పరంధామరావు ఆరడుగుల మనిషి, టైలరు అయిదడుగుల రెండంగుళాలు. ఈ మాట సంఘం ముందు పెట్టింది.

"దిగులు మనిషిని కుంగదీస్తుందండీ" అన్నాడు పురుషోత్తం నిదానంగా, బోర్డు మీద సూత్రం రాస్తున్నట్టు.

"పది అంగుళాలా?"

"ఆయన దిగులు చిన్నదా?"

నలభై మందీ చప్పట్లు కొట్టారు. పారిశుద్ధ్య విభాగంలోంచి కూడా కొందరు కొట్టారు.

ఇక లాభం లేదని సత్యవాణి అనుమతి తీసుకుని హైదరాబాదు బస్సెక్కింది. షూటింగు జరిగే చోటు వెతుక్కుంటూ వెళితే, సీరియల్ రచయిత చెరుకుమిల్లి ఉదయభాస్కర్ ఓ మెట్టు మీద కూర్చుని ఆ మధ్యాహ్నం తియ్యబోయే సీను అప్పుడే రాస్తున్నాడు. మనిషి నిద్ర లేక పీక్కుపోయి ఉన్నాడు.

"టైలరు ఎవరా? అమ్మా, వచ్చే సోమవారం ఏం జరుగుతుందో నాకే తెలీదు. పరంధామరావు వేషం కట్టినాయనకి వేరే సీరియల్లో హీరో తండ్రి పాత్ర వచ్చింది, అందుకని కార్లో ఎక్కించి పంపేశాం. ఆ రోజు శవానికి మనిషి దొరకలేదు, చూపించలేదు."

"మరి మా ముద్ర?"

"మా ఆర్టు విభాగం కుర్రాడిది మీ ఊరే. వాళ్ళ తాతగారి చావు కాయితం చూసి చేశాడు. బాగా చేశాడు కదండీ?"

"ఆ టైలరు?"

ఉదయభాస్కర్ వెనక్కి తిరిగి కేకేశాడు. "దస్తగిరి గారూ, ఒకసారి రండి!"

కుట్టుమిషను దగ్గర్నుంచి ఓ పొట్టి మనిషి లేచొచ్చాడు. మెడలో టేపు. యూనిట్లో అందరి బట్టలూ కుట్టే టైలరు ఆయనే. ఆ రోజు కెమెరా ముందు నిలబడడానికి ఇంకెవరూ ఖాళీగా లేకపోతే ఈయన్ని నిలబెట్టారు. డైలాగు ఇస్తే చెప్పలేకపోయాడు, అందుకని మూగవాణ్ణి చేశారు.

"చెవి ఎందుకు గోక్కుంటారండీ?" అని అడిగింది సత్యవాణి.

"దురదమ్మా" అన్నాడు దస్తగిరి. "టీ అంటారా, వేడిగా ఉంటే సాసర్లో పోసుకుంటా. మీరు పోసుకోరా?"

సత్యవాణి ప్రాణం లేచొచ్చింది. అక్కడికక్కడే దస్తగిరి చేత వాంగ్మూలం రాయించి సంతకం పెట్టించుకుంది. 'నేను టైలర్ని. మొదట్నుంచీ టైలర్నే. ఇంకెవర్నీ కాను.' బస్సులో దారి పొడుగునా ఆ కాయితం ఉన్న సంచీని ఒళ్ళోంచి దింపలేదు.

వీరలక్ష్మి గడువు ఇంకా పదకొండు రోజులుందనగా కౌన్సిల్ హాల్లో విచారణ జరిగింది. సత్యవాణి వాంగ్మూలం చదివింది. పురుషోత్తం లేచి నిలబడ్డాడు.

"ఈ వాంగ్మూలం ఎవరిచ్చారు?"

"టైలరే."

"నోటితో చెప్పారా?"

"నోటితోనే చెప్పారు, రాయించాను."

"అయ్యా, గమనించండి" అన్నాడు పురుషోత్తం కమిషనర్ వైపు తిరిగి. "మూగవాడు నోటితో చెప్పాడు. అంటే మూగవాడు కాడు. మూగవాడు కానివాడు మూగవాడిలా ఎందుకు నటిస్తాడు? ఏదో దాచడానికి. ఏం దాస్తాడు? తనెవరన్నది. ఇన్నాళ్ళూ మేం చెబుతున్నదీ అదే. ఇవాళ విచారణాధికారి గారే నిరూపించారు."

కమిషనర్ గారు ముందుకి వంగారు. ఆయన కళ్ళు మెరుస్తున్నాయి. "సంఘం వారి వాదనలో పస ఉన్నదని ఈ కార్యాలయము భావించుచున్నది" అన్నారు.

సత్యవాణి ఆ రోజు ఇంటికెళ్ళి గ్రైండరు వేసుకోలేదు. కుర్చీలో కూర్చుండిపోయింది. ఇరవై రెండేళ్ళ సర్వీసులో ఆమె వేల చావులు రాసింది. బతికున్నవాణ్ణి బతికున్నాడని చెప్పడం ఎంత తేలికో, చచ్చిపోయినవాణ్ణి చచ్చిపోయాడని చెప్పడమూ అంతే తేలికనుకునేది. నిజం చూపిస్తే జనం నమ్మడం లేదు. వాళ్ళు నమ్మేది సీరియల్నే. అలాగైతే ఆ మాట సీరియల్లోనే చెప్పించాలి.

మర్నాడు పొద్దున్నే ఉదయభాస్కర్‌కి ఫోన్ చేసింది.

"మీ పరంధామరావుని మళ్ళీ చంపాలండీ. ఈసారి నిబంధనల ప్రకారం."

అవతల కాగితాల చప్పుడు. "చెప్పండమ్మా, రాసుకుంటున్నాను. శుక్రవారానికి నా దగ్గర కథ లేదు."

"శవం కనబడాలి. ముఖం కనబడాలి. డాక్టరు చూసి కారణం రాయాలి. ఇద్దరు బంధువులు గుర్తుపట్టాలి. దస్తగిరి గారు పక్కనే నిలబడాలి. ఇద్దరూ ఒకే ఫ్రేములో."

"పాత నటుడు ఒక పూట వస్తాడు, పడుకోవడమే కదా. శవం గుప్పిట్లో ఓ తాళంచెవి పెడదామా?"

"ఏమీ పెట్టకండి! శవం చేతిలో ఏం కనబడ్డా మా ఆఫీసుకి ఫైలొస్తుంది."

"పోనీ కళ్ళు ఒక్కసారి అదిరినట్టు..."

"ఉదయభాస్కర్ గారూ, ఇక్కడ ఒకావిడ కొట్టు పోతుందండీ" అంది సత్యవాణి. ఆకుకూరల కొట్టు సంగతి మొత్తం చెప్పింది. ఆయన విన్నాడు. చివర్న, "కళ్ళు అదరవమ్మా" అన్నాడు.

శుక్రవారం ఏడున్నరకి రేవుముక్కల వీధులు ఖాళీ. మొదటిసారి సత్యవాణి కూడా టీవీ ముందు కూర్చుంది. వంతెన కింద గుర్రపుడెక్క మొక్కల్లో చిక్కుకుని పరంధామరావు దొరికాడు. ఇన్ని నెలలు నీళ్ళలో ఉన్న మనిషి క్రాపు చెదరలేదు గాని, ఆ సంగతి ఎవరూ పట్టించుకోలేదు. డాక్టరు నాడి చూసి, స్టెతస్కోపు పెట్టి చూసి, మళ్ళీ నాడి చూశాడు. భార్య గుర్తుపట్టింది, తమ్ముడు గుర్తుపట్టాడు. మూగ టైలరు ముందుకొచ్చి, మెడలో టేపు తీసి, తల నుంచి పాదాల దాకా కొలిచి, కప్పడానికి తెల్లగుడ్డ కత్తిరించాడు. పక్కపక్కన ఆరడుగుల శవం, అయిదడుగుల రెండంగుళాల టైలరు. తర్వాత పన్నెండు నిమిషాలు ఓ గుమస్తా దరఖాస్తు నింపడమే చూపించారు. ఒక్క గడి వదల్లేదు. ఊరు ఊరంతా వెక్కివెక్కి ఏడ్చింది. దరఖాస్తు నింపే పద్ధతికి సత్యవాణి కళ్ళు కూడా చెమర్చాయి.

సోమవారం నాడు సంఘం వాళ్ళు నల్లబ్యాడ్జీలతో వచ్చారు. కమిషనర్ గారు లేచి నిలబడి రెండు నిమిషాలు మౌనం పాటించారు. అర్జీ ముగించడానికి సత్యవాణి 'పరిష్కరించబడినది' నొక్కింది. కంప్యూటర్ చివరగా ఒక ప్రశ్న అడిగింది. 'అర్జీదారు సంతృప్తి చెందినారా?' దానికి అవును అనాల్సింది పురుషోత్తమే.

ఆయన మౌసు మీద చెయ్యి పెట్టాడు, తీసేశాడు. "మనిషి చచ్చిపోయాడండీ. సంతృప్తి అని ఎలా నొక్కను? నా వల్ల కాదు" అంటూ మొహం చేతుల్లో దాచుకున్నాడు. ఉద్యోగమూ పోయి, పిల్లలు చెప్పిన మాట వినే తరగతీ పోయి, ఇంట్లో ఆయనకి రోజూ ఎదురుచూడడానికి మిగిలింది ఆ సీరియల్ అరగంటే.

"సార్, నొక్కండి సార్. గడువు ఇంకో అయిదు రోజులే ఉంది" అని సత్యవాణి బతిమాలింది. ఆయన తల అడ్డంగా ఊపుతూనే ఉన్నాడు.

గుమ్మం దగ్గర వరసలో నిలబడ్డ వీరలక్ష్మి ఇదంతా చూస్తోంది. లోపలికొచ్చి ఆయన పక్కన నిలబడింది.

"ఊరుకోండి మేష్టారూ. మొదట్లో ఇలాగే ఉంటదండి. అన్నం దిగదు. పది రోజులు పోతే పొద్దున్నే లేచి పన్జేసుకుంటాం. ఏం సేత్తాం మరి" అంది.

పురుషోత్తం తలెత్తి ఆమెని చూశాడు. తను దండ పట్టుకుని శుభవార్త చెప్పడానికెళ్ళిన మనిషి. "నీ కష్టం నిజమేనమ్మా" అన్నాడు. "నీది నిజంగా..." కళ్ళు తుడుచుకుని 'అవును' నొక్కాడు.

ఆ పేరు మీద పడ్డ తాళం విడింది. ఎర్రక్షరాలు పోయాయి. సత్యవాణి ఒక్క నిమిషం కూడా ఆగకుండా కోలా పరంధామరావు పేరు కొట్టి, ప్రింటు తీసి, ముద్ర వేసి, సంతకం చేయించి వీరలక్ష్మి చేతిలో పెట్టింది.

వీరలక్ష్మికి చదువు రాదు. కాయితం మీద వేలు పెట్టి, "ఆయన పేరెక్కడుందమ్మగారూ?" అని అడిగింది. సత్యవాణి చూపించింది. ఆ అక్షరాల మీద వీరలక్ష్మి వేలు అలాగే నిలిచిపోయింది.

"నవ్వకండేం" అంది తల ఎత్తకుండానే. "ఊరు ఊరంతా ఆయన బతికే ఉన్నాడు, బతికే ఉన్నాడు అంటంటే... మొన్న సాయంత్రం తలుపు సప్పుడైందండి. గాలే. తెలుసు, గాలేనని. అయినా ఎల్లి తీశాను."

సత్యవాణి నవ్వలేదు. బల్ల మీది కాయితాలు ఒకసారి ఎత్తి మళ్ళీ అక్కడే పెట్టింది.

వీరలక్ష్మి కొంగుతో మొహం తుడుచుకుని, కాయితాన్ని జాగ్రత్తగా మడిచి జాకెట్లో పెట్టుకుంది. రెండడుగులు వేసి వెనక్కొచ్చింది.

"ఇంకో కాపీ ఇయ్యండమ్మగారూ. ఇది మార్కెట్టాయనకి" అంది. "అది నాకు."